జాన్ స్నో

జాన్ స్నో (మార్చి 15, 1813 - జూన్ 16, 1858) ఇంగ్లండు దేశపు వైద్యుడు. కలరా వ్యాధి కలుషితమైన నీటి ద్వారా వ్యాపిస్తుందని నిరూపించిన వ్యక్తిగా ప్రసిద్ధుడు. ఈయన అనుసరించిన పద్ధతిని కార్యకారణ సంబంధమును నిర్ధారించుటకు ఉదాహరణగా సామాజిక శాస్త్రాలలో కూడా బోధిస్తున్నారు.

బాల్యము, విద్య

స్నో యార్క్ నగరంలో ఒక పేద శ్రామికుని ఇంట తొలి సంతానంగా జన్మించాడు. 14వ ఏట న్యూకాజిల్‌లో ఒక శస్త్రవైద్యుని వద్ద శిష్యునిగా చేరాడు. 1831-32లో సమీపంలోని కిల్లింగ్‌వర్త్ బొగ్గుగనిలో కలరా ప్రబలినప్పుడు రోగులకు చికిత్స చేశాడు. 1844లో లండన్ విశ్వవిద్యాలయం నుండి ఎం.డి. పట్టా పొందాడు. 1853, 1857 సంవత్సరాలలో విక్టోరియా రాణి ప్రసవించినప్పుడు ఆమెకు క్లోరోఫారమ్ ఇచ్చినది ఈయనే.

కలరా పరిశోధన

కలరాకు దుర్గంధంతో కూడిన గాలి కారణమని ఆనాటి వైద్యులలో అధికులు నమ్మేవారు. నీరే కారణమని స్నో 1849లో ఒక చిన్న పుస్తకం ప్రచురించాడు. అయితే మురికినీరు త్రాగేవారిలో అధికులు పేదవారు. వారి ఇళ్ళు ఇరుకైనవి, పరిసరాలు దుర్గంధమయం. దోషం నీటిదా, గాలిదా, పేదరికానిదా అని విడదీసి చూపడమే అసలు చిక్కు.

ఈ చిక్కు 1854లో విడిపోయింది. దక్షిణ లండన్‌లో రెండు కంపెనీల గొట్టాలు ఒకే వీథులలో సాగేవి. లాంబెత్ కంపెనీ 1852లో తాను నీరు తోడే చోటును థేమ్స్ నదికి ఎగువన, నగరపు మురుగు చేరని ప్రాంతానికి మార్చుకున్నది. సౌత్‌వార్క్ అండ్ వాక్స్‌హాల్ కంపెనీ మాత్రం బాటర్సీ వద్ద మురుగు కలిసిన నీటినే తోడుచుండెను. ఇరుగుపొరుగు ఇళ్ళవారు ఒకే గాలి పీల్చేవారు, ఒకే తరగతివారు. భేదం నీటిలో మాత్రమే. పైగా కంపెనీని ఎంచుకున్నది చాలావరకు ఇంటి యజమానులే గాని, అద్దెకుండేవారు కాదు. ఏ ప్రయోగశాలలోనూ ఏర్పాటు చేయజాలని ప్రయోగమిది.

స్నో మరణాలు సంభవించిన ఇంటింటికీ తిరిగాడు. తమకు నీరిచ్చే కంపెనీ ఏదో చాలామందికి తెలియదు. రెండవ కంపెనీ నీటిలో ఉప్పు సుమారు 40 రెట్లు ఎక్కువ. కనుక సిల్వర్ నైట్రేట్ కలిపి ఏ నీరు ఎవరిదో గుర్తించాడు. మొదటి 7 వారాలలో ప్రతి 10,000 ఇళ్ళకు సౌత్‌వార్క్ అండ్ వాక్స్‌హాల్ నీరు వాడిన ఇళ్ళలో 315 మరణాలు, లాంబెత్ నీరు వాడిన ఇళ్ళలో 37 మరణాలు సంభవించినట్లు తేలింది.

బ్రాడ్ వీథి పంపు

1854 ఆగస్టు 31 రాత్రి సోహోలోని బ్రాడ్ వీథి పరిసరాలలో కలరా విజృంభించింది. స్నో సలహాపై సెప్టెంబరు 8న అక్కడి పంపు పిడిని తొలగించారు. దానితోనే వ్యాధి ఆగిపోయిందన్న ప్రచారం సరికాదు. అప్పటికే చాలామంది పారిపోయారు, వ్యాధి తగ్గుముఖం పట్టింది. ఈ సంగతి స్నో స్వయంగా అంగీకరించాడు. ఇక్కడ బలమైన సాక్ష్యం మినహాయింపులలో ఉన్నది. పంపు దగ్గరలోనే ఉన్న బీరు కర్మాగారంలోని పనివారెవ్వరూ మరణించలేదు. వారు బీరు త్రాగేవారు, అక్కడ సొంత బావి కూడా ఉండేది. దూరాన హాంప్‌స్టెడ్‌లో నివసించే ఒక వితంతువు రుచి కొరకు ఈ పంపు నీటిని తెప్పించుకొని త్రాగి మరణించింది.

మరణానంతరము

ప్రభుత్వ ఆరోగ్య మండలి నియమించిన సంఘము 1855లో స్నో వాదాన్ని తిరస్కరించింది. అవివాహితుడైన స్నో 45 ఏళ్ళ వయసులో పక్షవాతంతో మరణించాడు. గణాంక శాస్త్రజ్ఞుడు విలియం ఫార్ 1866 నాటి కలరా తరువాత ఈ సిద్ధాంతాన్ని సమర్థించాడు. 1884లో కలకత్తాలో రాబర్ట్ కాక్ కలరా క్రిమిని నిర్ధారించాడు. ఇటలీలో పాచిని 1854లోనే దానిని చూసినా ఎవ్వరూ పట్టించుకోలేదు. 1991లో డేవిడ్ ఫ్రీడ్‌మన్ అనే గణాంక శాస్త్రజ్ఞుడు, కేవలం సమీకరణాలపై ఆధారపడే సామాజిక పరిశోధకులకు స్నో కాలినడకన చేసిన పరిశోధనను ఆదర్శంగా చూపాడు.