ఆంధ్రకేసరి ప్రకాశము పంతులుగారు

వకీలు వృత్తి నవలంబింపవలెనను కోరిక మన గ్రామములలోని బాలబాలికలకు లేకపోలేదు. భూమి తగవులకును, అప్పు పత్రములకును, నీటి వంతులకును గద్వాల, అలంపురము కోర్టుల చుట్టు తిరిగి అలసిన కుటుంబములు మన యెఱుకలో నెన్నియో కలవు. చట్టము తెలిసిన బిడ్డ యొకడు ఇంట నుండిన నెంత మేలని తలిదండ్రులు తలంచుట సహజమే. కాని ఆ పరీక్షకు సిద్ధపడుట యెట్లు? పేరు నమోదు చేయించుకొనుట యెచ్చట? రుసుము తెచ్చుట యెక్కడ నుండి? ఈ ప్రశ్నలు వచ్చినంతనే పెక్కుమంది వెనుకంజ వేయుదురు. అట్టివారి కొఱకు ఈ సంచికలో మేము టంగుటూరి ప్రకాశము పంతులుగారి జీవితమును, అందును ముఖ్యముగా వారి పరీక్షల చరిత్రమును వ్రాయ దలచితిమి. ముఖ్యమంత్రిగా, ఆంధ్రకేసరిగా వారిని అందఱు నెఱుగుదురు. మూడు రూపాయల రుసుము లేక పరీక్షకు దూరము కాబోయిన బాలునిగా వారి నెఱిగినవారు తక్కువ.

ప్రకాశముగారు 1872వ సంవత్సరము ఆగస్టు 23వ తేదీన ఒంగోలు సమీపమున నున్న వినోదరాయునిపాలెమున జన్మించిరి. తండ్రి గోపాలకృష్ణయ్యగారు, తల్లి సుబ్బమ్మగారు. బాలునికి పదునొకండేండ్ల ప్రాయమున తండ్రి గతించెను. పిల్లలు గల ఆ యిల్లాలికి ఆస్తి యనదగినది లేదు. ఆమె బిడ్డలను వెంటబెట్టుకొని ఒంగోలు చేరి పూటకూళ్ళ యిల్లు నడుపసాగెను. ఆ కాలమున గౌరవ కుటుంబములవారు ఆ వృత్తిని చిన్నచూపు చూచెడివారు. అయినను పొయ్యి ముందు కూర్చుండి పరులకు వండి పెట్టుటకు ఆమె సిగ్గుపడలేదు. తన బిడ్డ చదువు మానుటయే ఆమెకు సిగ్గుగా తోచెను.

బాలుడు బుద్ధిమంతుడని మేము చెప్పబోము. తెలివి గలదు, అల్లరియు గలదు. నాటకములన్న అమితమైన మక్కువ. స్త్రీ వేషములు ధరించి ప్రేక్షకుల మెప్పు పొందెడివాడు. ఆటపాటల సావాసములో చదువు కుంటుపడిన దినములును గలవు. ఒంగోలు మిషను పాఠశాలలో ఇమ్మానేని హనుమంతరావు నాయుడుగారను ఉపాధ్యాయుడొకరు ఉండిరి. ఆయన ఈ అల్లరి వెనుకనున్న శక్తిని కనిపెట్టెను. శిక్షించి విడిచిపెట్టక, చేరదీసి చదివించెను. ఇట్టి గురువు దొరకుట ప్రకాశముగారి జీవితమున మొదటి భాగ్యము.

పరీక్ష దగ్గఱపడెను. రుసుము మూడు రూపాయలు. నేటి లెక్కకు అది నవ్వు పుట్టించు మొత్తము. కాని పూటకూళ్ళ యింటి లెక్కకు అది పెద్ద బరువు. బాలుడు ఆ మూడు రూపాయల కొఱకు కాలినడకను బావగారి యూరికి పోయెను. దారి దూరమైనది, ప్రయోజనము శూన్యమైనది. ఉత్త చేతులతో తిరిగివచ్చిన కుమారుని చూచి సుబ్బమ్మగారు తన పట్టుబట్టను తాకట్టు పెట్టి సొమ్ము తెచ్చి యిచ్చెను. పరీక్షకు పేరు చేరెను. ఆ దినమున గడువు దాటియుండిన, మదరాసు న్యాయస్థానమున ఒక బారిష్టరును, ఆంధ్ర రాష్ట్రమునకు ఒక ముఖ్యమంత్రియు మనకు లభించియుండెడివారో లేదో. ఈ సంగతి ప్రకాశముగారే తమ స్వీయచరిత్రమైన నా జీవితయాత్రలో దాచక వ్రాసికొనిరి.

పిదప నాయుడుగారు రాజమహేంద్రవరమునకు మకాము మార్చినప్పుడు శిష్యుని వెంట తీసికొనిపోయిరి. అచ్చట ప్రకాశముగారు మెట్రిక్యులేషనును, ఎఫ్.ఏ.ను పూర్తిచేసిరి. 1890లో హనుమాయమ్మగారితో వివాహమయ్యెను. తరువాత నాయుడుగారే న్యాయశాస్త్రము చదువుటకు ఆయనను మదరాసునకు పంపిరి. సొంత బిడ్డ కానివానికై ఒక బడిపంతులు ఇంతగా శ్రమపడుట చూడ, గురుశిష్య సంబంధమునకు కులము గాని, కలిమి గాని అడ్డురావని తేటపడుచున్నది.

ఇచ్చట ఆనాటి న్యాయవాద పరీక్షల వ్యవస్థను కొంత వివరించుట అవసరము. నేడు న్యాయవాదులందఱు ఒకే తరగతివారు. ఆనాడు అట్లు కాదు. మెట్లు మెట్లుగా తరగతు లుండెను. అన్నిటికంటె క్రింది మెట్టున రెండవ తరగతి ప్లీడర్లు; వారిపై మొదటి తరగతి ప్లీడర్లు; ఆపై బి.ఎల్. పట్టము పొంది హైకోర్టులో వాదించు వకీళ్ళు. అందఱికంటె ఎక్కువ గౌరవము ఇంగ్లండులో చదివి వచ్చిన బారిష్టర్లకు. 1879వ సంవత్సరపు న్యాయవాదుల చట్టమును బట్టి హైకోర్టులు ప్లీడర్ల అర్హతలను నిర్ణయించి, నెగ్గినవారికి సన్నదు లిచ్చుచుండెను. సన్నదులో వ్రాసిన తరగతిని బట్టియే వారు ప్రవేశింపదగిన కోర్టు ఏర్పడుచుండెను. బి.ఎల్. చదువుటకు ముందు బి.ఏ. పట్టము కావలెను. అందులకు ధనమును, కాలమును కావలెను. బీదవిద్యార్థికి అందిన మార్గము రెండవ తరగతి ప్లీడరు పరీక్షయే.

ప్రకాశముగారు ఆ పరీక్షలో నెగ్గిరి. అప్పటి న్యాయవాది యెఱిగియుండవలసిన శాసనములు నేటి విద్యార్థులకును పేరెఱిగినవే: 1860వ సంవత్సరపు భారత శిక్షాస్మృతి, 1872వ సంవత్సరపు సాక్ష్య చట్టము, ఆ యేటిదే యగు ఒడంబడికల చట్టము. ఈ కడపటి రెండును ప్రకాశముగారు పుట్టిన సంవత్సరముననే పుట్టినవి. శిక్షాస్మృతికిని, సాక్ష్య చట్టమునకును బదులు 2024 జూలై 1వ తేదీ నుండి భారతీయ న్యాయ సంహిత, భారతీయ సాక్ష్య అధినియమము అను క్రొత్త శాసనములు అమలులోనికి వచ్చినవి. ఒడంబడికల చట్టము మాత్రము నిలిచియున్నది. చట్టములు మారును, వానిని శ్రద్ధతో చదివి అర్థము చేసికొను అలవాటు మాఱరాదు.

ఒంగోలులో కొంతకాలము పనిచేసిన పిదప ప్రకాశముగారు రాజమహేంద్రవరమున వృత్తి సాగించి ధనమును, కీర్తిని గడించిరి. ఆ పట్టణపు పురపాలక సంఘమునకు అధ్యక్షులుగ కూడ నెన్నికైరి. పూటకూళ్ళ యింటి బాలుడు ముప్పదియేండ్లు దాటిన కొలదికాలమునకే ఇంతటివాడగుట సామాన్యము కాదు. ఇంతటితో తృప్తిపడి యుండిన నెవ్వరును తప్పుపట్టియుండరు. కాని వారి సన్నదులో రెండవ తరగతి యను మాట యుండెను. ఒక వ్యాజ్యము పనిమీద మదరాసు హైకోర్టునకు పోయినప్పుడు, వారి సామర్థ్యమును గమనించిన బారిష్టరొకరు, బారిష్టరు పరీక్షకు పోరాదా యని సూచించిరి. తాను సిద్ధపఱచిన వ్యాజ్యమును పై కోర్టులో తాను వాదింపరాదు. ఇతరుల నోట పలికింపవలెను. ఈ లోటు వారి మనస్సును పట్టుకొనెను.

బి.ఏ. లేనివారికి బి.ఎల్. ద్వారము మూసియుండెను. ఇంగ్లండునందలి ద్వారము మాత్రము తెఱచియుండెను. 1904లో, ముప్పదిరెండేండ్ల వయస్సున, సాగుచున్న వృత్తిని, సంసారమును విడిచి ప్రకాశముగారు ఓడ యెక్కిరి. చదువుటకు వయస్సు మించినదని తలంచువారు ఈ సంగతిని జ్ఞప్తియందుంచుకొందురు గాక.

లండను నగరమున లింకన్స్ ఇన్, ఇన్నర్ టెంపుల్, మిడిల్ టెంపుల్, గ్రేస్ ఇన్ అను నాలుగు న్యాయవాద విద్యాసంఘములు గలవు. వీనిలో నొకదాన సభ్యులుగ చేరినవారే బారిష్టర్లు కాగలరు. అక్కడి పద్ధతి మనవారికి వింతగా తోచును. పరీక్షలలో నెగ్గినంత మాత్రమున చాలదు. ఆ కాలమున నిర్ణీతమైన గడువులలో ఆ సంఘపు భోజనశాలలో ఇతర సభ్యులతో కూర్చుండి భోజనము చేసియుండవలసి యుండెను. పెద్దల సహవాసమున వృత్తి మర్యాదలు పట్టువడునని వారి భావము. రోమను న్యాయము, రాజ్యాంగ చరిత్ర, నేరముల చట్టము మొదలగు విషయములలో ఆనాడు పరీక్షలు జరుగుచుండెను. ప్రకాశముగారు పరీక్షలలో యోగ్యతాపత్రము సహితముగా నెగ్గిరి. లండనులో నున్న కాలముననే దాదాభాయి నౌరోజీగారి ఎన్నికకై పనిచేసి, రాజకీయములతో పరిచయమును కలిగించుకొనిరి.

1907లో మదరాసు హైకోర్టున బారిష్టరుగ వృత్తి నారంభించిరి. అప్పటికి ఆ కోర్టులో పేరు పొందినవారిలో ఆంగ్లేయులును, తమిళులును ఎక్కువ, తెలుగువారు తక్కువ. కొలదికాలమున ప్రకాశముగారు ముందు వరుసకు వచ్చిరి. సివిలు, క్రిమినలు వ్యాజ్యములు రెండింటను వాదించిరి. 1911లో తిరునల్వేలి కలెక్టరు ఆష్ హత్య జరిగినప్పుడు, ముద్దాయిల పక్షమున వాదించిన న్యాయవాదులలో వారొకరు. ప్రభుత్వము కన్నెఱ్ఱ చేసియున్న వ్యాజ్యమున ముద్దాయి పక్షము వహించుటకు గుండెనిబ్బరము కావలెను. లా టైమ్సు అను న్యాయశాస్త్ర పత్రికకు సంపాదకత్వమును వహించిరి.

ఇన్ని కష్టములకోర్చి, ఇన్ని మెట్లెక్కి సంపాదించిన వృత్తిని 1921లో వారు విడిచిపెట్టిరి. గాంధీమహాత్ముని సహాయనిరాకరణోద్యమమున కోర్టులను బహిష్కరింపవలసి వచ్చినప్పుడు, రాబడిని లెక్కింపక సత్యాగ్రహ ప్రతిజ్ఞ పట్టిరి. ఆ యేటనే స్వరాజ్య పత్రికను స్థాపించి ఆంగ్లము, తెలుగు, తమిళ భాషలలో నడిపిరి. గడించిన ధనమంతయు ఆ పత్రిక మ్రింగివేసెను. తుదకు పత్రికయు నిలువలేదు. లెక్క చూచుకొని ఖర్చు పెట్టుట వారికి చేతకాదని ఆప్తులే యనుచుండిరి. కోపమును అధికము, పంతమును అధికము. ఈ లోపములను మేము కప్పిపుచ్చము. గొప్పవారి జీవితమును చదువువారు వారి గుణములను గైకొని, లోపములనుండి జాగ్రత్తను నేర్చుకొనవలెను.

1928 ఫిబ్రవరి 3వ తేదీన సైమను సంఘమును బహిష్కరించుచు మదరాసున హర్తాళము జరిగెను. కాల్పులలో నొకరు మరణించిరి. మృతుని చూడబోయిన ప్రకాశముగారిని పోలీసులు తుపాకులతో అడ్డగింపగా, వారు చొక్కా విప్పి ఱొమ్ము చూపి ముందునకు సాగిరి. ఆంధ్రకేసరి యను బిరుదు అప్పటినుండి స్థిరపడెను. 1937లో మదరాసు రాష్ట్ర రెవెన్యూ మంత్రియై జమీందారీ రైతుల స్థితిని విచారించు సంఘమునకు అధ్యక్షత వహించిరి. ఆ విచారణలో వారి న్యాయశాస్త్ర జ్ఞానము రైతులకు అక్కఱకు వచ్చెను. 1946 ఏప్రిలు నుండి 1947 మార్చి వఱకు మదరాసు ముఖ్యమంత్రిగ నుండిరి.

1953 అక్టోబరు 1వ తేదీన ఆంధ్రరాష్ట్ర మేర్పడగా, ప్రకాశముగారు మొదటి ముఖ్యమంత్రియైరి. రాజధాని కర్నూలు. వడ్డేపల్లి నుండి కర్నూలునకు పోవువారు తుంగభద్రను దాటుదురు గదా! ఆనాడు ఆ నదికి ఈవలి మన సీమ హైదరాబాదు రాష్ట్రమున నుండెను. ఆవలి యొడ్డున ప్రకాశముగారి ప్రభుత్వ ముండెను. వారి కాలముననే 1954లో తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయము వెలసెను. 1954 నవంబరులో ఒక్క వోటు తేడాతో ప్రభుత్వము పడిపోయెను. 1957 మే 20వ తేదీన వారు హైదరాబాదులో తనువు చాలించిరి. లక్షలు గడించిన బారిష్టరు తుది దినములలో ధనహీనుడై యుండెను. 1957లో పూర్తియైన విజయవాడ కృష్ణా బ్యారేజికిని, 1972లో ఒంగోలు జిల్లాకును వారి పేరు పెట్టబడెను.

మన సీమలోను ఇట్టి త్యాగమునకు కొఱత లేదు. బోరవెల్లిలో 1896లో జన్మించిన సురవరము ప్రతాపరెడ్డిగారు బి.ఎల్. చదివి, కొంతకాలము న్యాయవాదిగ నుండి, 1926లో గోలకొండ పత్రికను స్థాపించి తెలుగు భాషకు తమ జీవితమును ధారపోసిరి. న్యాయశాస్త్రము చదివినవాడు కోర్టులోనే కాదు, ఎక్కడ నిలిచినను ప్రజలకు ఉపయోగపడునని వీరి వలన తెలియుచున్నది.

ఇక నేటి మార్గమును గూర్చి విద్యార్థులకును, తలిదండ్రులకును నాలుగు మాటలు. 1961వ సంవత్సరపు అడ్వొకేట్ల చట్టము పాత తరగతుల నన్నిటిని తొలగించి, అడ్వొకేటు అను నొకే తరగతిని నిలిపినది. ఇంటర్మీడియటు తరువాత అయిదేండ్లు, లేదా పట్టము తరువాత మూడేండ్లు న్యాయశాస్త్రము చదువవచ్చును. ప్రవేశమునకు లాసెట్ పరీక్ష గలదు. న్యాయశాస్త్ర పట్టము పొందినవారు రాష్ట్ర బార్ కౌన్సిలులో పేరు నమోదు చేయించుకొనవలెను. పిదప, 2010లో భారత బార్ కౌన్సిలు నియమించిన అఖిల భారత బార్ పరీక్షలో నెగ్గవలెను. ఈ పరీక్షను తెలుగులో వ్రాయు సౌకర్యము గలదు. 1923వ సంవత్సరపు చట్టము స్త్రీలకు ఈ వృత్తిలో ప్రవేశమును ఖాయపఱచినది గనుక, బాలికలు వెనుకాడ నక్కఱలేదు.

రుసుమును గూర్చి కూడ చెప్పవలెను. కొన్ని రాష్ట్రముల బార్ కౌన్సిళ్ళు నమోదునకు వేల కొలది రూపాయలు వసూలు చేయుచుండగా, 2024 జూలై 30వ తేదీన సుప్రీము కోర్టు దానిని కూడదనెను. చట్టములో చెప్పిన ప్రకారము సామాన్యులకు 750 రూపాయలు, షెడ్యూల్డు కులములకును, తెగలకును చెందినవారికి 125 రూపాయలు మించి నమోదు రుసుము తీసికొనరాదని తీర్పు చెప్పెను. బార్ పరీక్ష రుసుము వేఱు. బీదరికము వృత్తి ద్వారమున అడ్డుగోడ కారాదనుటయే ఆ తీర్పు సారాంశము. సుబ్బమ్మగారి పట్టుబట్ట కథ నెఱిగినవారికి ఈ తీర్పు విలువ మఱింత బాగుగ బోధపడును.

విద్యార్థులారా! ప్రకాశముగారు ఒక్క పరుగున పై మెట్టు చేరలేదు. అందిన మెట్టును ముందెక్కి, దానిపై నిలదొక్కుకొని, పై మెట్టునకు చేయి చాచిరి. పరీక్ష గడువును, రుసుమును, కావలసిన పత్రములను ముందుగా తెలిసికొనుడు. ఇబ్బంది యున్న దాచక ఉపాధ్యాయులతో చెప్పుడు. తలిదండ్రులారా! బిడ్డ అల్లరివాడని చదువు మాన్పింపకుడు. ఉపాధ్యాయులమైన మేమును హనుమంతరావు నాయుడుగారిని ఆదర్శముగ నుంచుకొని, రుసుము లేమిచే ఏ విద్యార్థియు పరీక్షకు దూరము కాకుండ చూచుట మా విధియని తలంచుచున్నాము.