వెన్నెలను సృష్టించిన ఛాయాగ్రాహకుడు – మార్కస్ బార్ట్లీ

హిందూపురం, పెనుకొండ, ధర్మవరం ప్రాంతాలలో ‘మాయాబజార్’ చిత్రాన్ని ఎరుగని పెద్దలు అరుదు. అందులో శ్రీకృష్ణ పాత్రధారి నందమూరి తారక రామారావు 1985, 1989, 1994 సంవత్సరాలలో హిందూపురం నుండి శాసనసభకు ఎన్నికైనారు. ఆ చిత్ర దర్శకుడు కదిరి వెంకటరెడ్డి అనంతపురం సీమలోని తాడిపత్రికి చెందినవారు. వీరిరువురి కీర్తి లోకవిదితం. అయితే ఆ శ్రీకృష్ణుని ముఖబింబంపై కాంతిని తీర్చిదిద్దిన ఛాయాగ్రాహకుని పేరు కొందరికే తెలుసు. ఆయనే మార్కస్ బార్ట్లీ.

బార్ట్లీ 1917లో ఆంగ్లో ఇండియన్ కుటుంబంలో జన్మించారు. తెలుగు ఆయన మాతృభాష కాకపోయినా తెలుగు కథల హృదయాన్ని వెలుగునీడలతో పలికించారు. బి.యన్.రెడ్డి దర్శకత్వంలో వచ్చిన ‘స్వర్గసీమ’ (1945) ఆయన ప్రతిభకు తొలి నిదర్శనాలలో ఒకటి. తరువాత నాగిరెడ్డి, చక్రపాణుల విజయా సంస్థ నిర్మించిన ‘షావుకారు’ (1950), ‘పాతాళభైరవి’ (1951), ‘మిస్సమ్మ’ (1955), ‘గుండమ్మ కథ’ (1962) చిత్రాలకు ఛాయాగ్రహణం నిర్వహించారు.

1957లో విడుదలైన ‘మాయాబజార్’ ఆయన ప్రజ్ఞకు గీటురాయి. అది నలుపు తెలుపుల చిత్రం. కంప్యూటర్లు లేని ఆ రోజులలో కెమెరాను ఆపి ఆపి చిత్రీకరించడం, ఒకే ఫిల్ముపై రెండు దృశ్యాలను ముద్రించడం వంటి ఉపాయాలే మాయలకు ఆధారాలు. వాటికి ఎంతో ఓర్పు, లెక్క తప్పని అంచనా అవసరం. ఘటోత్కచుని విందులో భక్ష్యాలు తమంతట తామే కదలినట్లు, నౌకావిహార గీతంలో పండువెన్నెల కురిసినట్లు ప్రేక్షకులు నమ్మారు. ఆ వెన్నెల బార్ట్లీ దీపాల అమరికతో, కెమెరా నైపుణ్యంతో పుట్టినదే.

స్టూడియోలో వెన్నెలను సృష్టించిన ఆయన అంతటితో ఆగిపోలేదు. రాము కరియత్ దర్శకత్వం వహించిన మలయాళ చిత్రం ‘చెమ్మీన్’ (1965) కోసం కేరళ సముద్రతీరానికి వెళ్లి, అలలను, జాలరుల జీవితాన్ని సహజమైన రంగులలో బంధించారు. ఆ చిత్రం ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి స్వర్ణపతకం పొందింది.

1993లో బార్ట్లీ కన్నుమూశారు. ఆయన వెండితెరపై కనిపించలేదు. ఆయన చూపుతోనే మనం ఆ కథలను చూశాము. తెరవెనుక నిలిచి ఇతరులను ప్రకాశింపజేసిన శ్రమకు కూడా కీర్తిలో భాగమున్నదని ఆయన జీవితం మనకు తెలియజేస్తున్నది.