ఒక్క ఓటు తేడా : ఆంధ్రకేసరి శాసనసభా జీవితం

ఏటా మన కాలేజీలో యూనియన్ ఎలక్షన్లు వస్తాయి. గోడల నిండా పేర్లు, వరండాల నిండా నినాదాలు. చివరికి మిగిలేది మాత్రం లెక్కింపు బల్ల మీది అంకెలే. ఒక్క ఓటు దేనికి పనికొస్తుందిలే అని ఆ పూట హాస్టల్లో పడుకుని నిద్రపోయే మిత్రులు ప్రతి సంవత్సరమూ ఉంటారు. అటువంటివారు టంగుటూరి ప్రకాశం పంతులుగారి జీవితం ఒక్కసారి తెలుసుకుంటే బాగుంటుంది. తుపాకీకి గుండె చూపిన ఆ మహనీయుణ్ణి పదవి నుంచి దించింది ఒకే ఒక్క ఓటు.

ప్రకాశంగారు 1872 ఆగస్టు 23న ఒంగోలు ప్రాంతంలోని వినోదరాయునిపాలెంలో జన్మించారు. తండ్రి గోపాలకృష్ణయ్యగారు, తల్లి సుబ్బమ్మగారు. చిన్నతనంలోనే తండ్రి పోయారు. ఆ తల్లి ఒంగోలులో పూటకూళ్ళ ఇల్లు నడిపి, నలుగురికీ వండి వడ్డించి పిల్లలను పెంచింది. ఇమ్మానేని హనుమంతరావు నాయుడుగారనే ఉపాధ్యాయుడు ఈ కుర్రవాడి చురుకుదనం చూసి, తనతో రాజమండ్రి తీసుకెళ్ళి చదివించారు. ఒక మేష్టారు ఒక పిల్లవాణ్ణి చేయి పట్టుకుని నడిపిస్తే ఎంత దూరం పోవచ్చునో చెప్పడానికి ఇంతకన్న ఉదాహరణ అక్కర్లేదు.

ప్లీడరై, రాజమండ్రి మునిసిపల్ చైర్మనై, 1904లో ఇంగ్లండు వెళ్ళి, బారిస్టరై 1907లో తిరిగివచ్చి మద్రాసులో ప్రాక్టీసు పెట్టారు. చేతినిండా సంపాదించారు. గాంధీజీ పిలుపు విని అంత ప్రాక్టీసునూ వదిలేశారు. 1921లో స్వరాజ్య పత్రిక పెట్టి, ఉన్నదంతా అందులో పోశారు. 1928 ఫిబ్రవరి 3న సైమన్ కమిషన్ బహిష్కరణ నాడు మద్రాసులో సిపాయిల ఎదుట చొక్కా గుండీలు విప్పి రొమ్ము చూపారు. ఆ ఘట్టం మనందరం బడిలో చదువుకున్నదే. ఆంధ్రకేసరి అన్న పేరు ఇంటింటి పేరయింది.

అయితే వీధిలో సింహంగా నిలవడం ఒకటి, సభలో సంఖ్య నిలబెట్టుకోవడం మరొకటి. పంతులుగారి జీవితంలో రెండవ సగమంతా ఈ తేడాతో చేసిన పోరాటమే.

1937లో మద్రాసు ప్రెసిడెన్సీ శాసనసభకు ఎన్నికలు జరిగాయి. మొత్తం 215 స్థానాల్లో కాంగ్రెసుకు 159 వచ్చాయి. అన్నేళ్ళు రాజ్యమేలిన జస్టిస్ పార్టీ కుప్పకూలిపోయింది. రాజాజీ ప్రధానమంత్రి, ప్రకాశంగారు రెవెన్యూ మంత్రి. (ముఖ్యమంత్రిని ఆ రోజుల్లో అలాగే పిలిచేవారు.) జమీందారీ రైతుల కష్టాలను విచారించే కమిటీకి ప్రకాశంగారు అధ్యక్షులై, ఊరూరా రైతుల గోడు విని, 1938లో నివేదిక ఇచ్చారు. అది చట్టం కాకముందే, 1939 అక్టోబరులో యుద్ధం విషయమై కాంగ్రెసు మంత్రివర్గం రాజీనామా చేసింది. జమీందారీల రద్దు చట్టం 1948లో వచ్చేసరికి పంతులుగారు పదవిలో లేరు. విత్తు నాటినవారొకరు, పంట కోసినవారొకరు అన్నమాట.

1946లో కాంగ్రెసుకు మళ్ళీ ఘనమైన మెజారిటీ వచ్చింది. ఇప్పుడు ప్రతిపక్షంతో చిక్కు లేదు, చిక్కంతా ఇంట్లోనే! అధిష్ఠానం రాజాజీ వైపు మొగ్గింది. శాసనసభ్యులు ఒప్పుకోలేదు. కామరాజు వర్గం తోడ్పాటుతో ప్రకాశంగారు నాయకులై, ఏప్రిల్ 30న ప్రధానమంత్రి అయ్యారు. ఫిర్కాల వారీగా గ్రామాభివృద్ధి ప్రారంభించారు. ఖద్దరు కోసం కొత్త బట్టల మిల్లులను ఆపాలని పట్టుబట్టారు. పట్టుదల ఉన్నంతగా పదిమందినీ కలుపుకుపోయే ఓర్పు ఆయనకు లేదని మిత్రులే అనేవారు. ప్రజలు సమర్పించిన పర్సులను ఆయన సొంతానికి వాడుకోవడం గాంధీజీకి నచ్చలేదు. ఎవరు గెలిపించారో వారే దూరమయ్యారు. పదకొండు నెలలు తిరక్కుండా, 1947 మార్చిలో ఓమందూరు రామస్వామి రెడ్డియార్ ఆ కుర్చీలోకి వచ్చారు. సభలో పార్టీ బలం మారలేదు, పార్టీలో ఆయన బలం మాత్రం పోయింది.

1951లో కాంగ్రెసు విడిచి, కృపలానీగారి కిసాన్ మజ్దూర్ ప్రజాపార్టీలో చేరారు. 1952 ఎన్నికల ఫలితాలు అందరినీ నివ్వెరపరిచాయి. 375 మంది ఉన్న మద్రాసు శాసనసభలో కాంగ్రెసుకు 152 మాత్రమే. కమ్యూనిస్టులకు 62, ప్రజాపార్టీకి 35. మెజారిటీకి 188 కావాలి, ఎవరికీ లేదు. ప్రకాశంగారు స్వయంగా మద్రాసు నగరంలో ఓడిపోయారు. అయినా కాంగ్రెసేతర పక్షాలన్నీ కలిసి ఏర్పరచిన ఐక్య ప్రజాస్వామ్య ఫ్రంటుకు ఆయనే నాయకులు. గవర్నరు శ్రీప్రకాశగారు ఫ్రంటును పిలవలేదు. ఎన్నికల్లో పోటీయే చేయని రాజాజీని పైసభకు నామినేట్ చేసి, ఆయన చేత ప్రమాణస్వీకారం చేయించారు. తర్వాత చిన్న పార్టీలూ ఇండిపెండెంట్లూ ఒకరొకరుగా అటు చేరారు. ఇది ధర్మమా అన్న చర్చ తర్వాత మన దేశంలో ఎన్ని రాష్ట్రాల్లో ఎన్నిసార్లు లేచిందో చెప్పనవసరం లేదు.

పొట్టి శ్రీరాములుగారి ఆత్మార్పణ తర్వాత 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం అవతరించింది. కొత్తగా ఎన్నికలు లేవు. మద్రాసు సభకు ఆంధ్ర ప్రాంతం నుంచి ఎన్నికైనవారే 140 మంది ఇక్కడ సభ్యులయ్యారు. అందులో కాంగ్రెసువారు నలభైమంది చిల్లర, కమ్యూనిస్టులూ దాదాపు అంతే. మిగిలినవారు ప్రజాపార్టీ, కృషికార్ లోక్ పార్టీ, స్వతంత్రులు. ఇటువంటి సభను నడపడం కత్తి మీద సాము. ఎనభై ఒకటో ఏట పంతులుగారు సోషలిస్టులను వదిలి, కాంగ్రెసు మద్దతుతో తొలి ముఖ్యమంత్రి అయ్యారు. ఉపముఖ్యమంత్రి నీలం సంజీవరెడ్డిగారు.

భవనాలు చాలక ఆఫీసులు గుడారాల్లో నడిచాయి. అయినా పదమూడు నెలల్లో జరిగిన పనులు చూడండి. గుంటూరులో హైకోర్టు 1954 జూలైలో వెలిసింది. తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం అదే ఏడాది సెప్టెంబరులో పుట్టింది. 1952లో గండిపడిన కృష్ణ ఆనకట్ట స్థానంలో విజయవాడలో బ్యారేజి పని మొదలయింది. ఆ బ్యారేజికి పెట్టింది పంతులుగారి పేరే.

అంతలో మద్యనిషేధం సమస్య ముదిరింది. నిషేధం వల్ల కల్లుగీత పనివారు బతుకుతెరువు పోగొట్టుకున్నారు. అది ఎత్తివేయాలని రామమూర్తి కమిటీ సిఫారసు చేసింది. ప్రభుత్వం ఒప్పుకోలేదు. ప్రతిపక్షాలు అవిశ్వాస తీర్మానం పెట్టాయి. 1954 నవంబరు 6న ఓట్లు లెక్కపెట్టారు. తీర్మానానికి అనుకూలం 69, వ్యతిరేకం 68. అంతే, మంత్రివర్గం పోయింది. గాంధీ శిష్యుడిగా నిషేధాన్ని పట్టుకున్న ఆయన తప్పు చేశారా? కడుపు మాడిన గీతపనివారి పక్షాన ఓటేసినవారు తప్పు చేశారా? ఈ రెండింటికీ చప్పున జవాబు చెప్పగలవారు ఆనాటి సభలో కూర్చోనివారే.

రాష్ట్రపతి పాలన వచ్చింది. 1955 ఎన్నికల్లో సభ 196కు పెరిగింది. కాంగ్రెసు, దానితో కలిసిన పార్టీలు 146 గెలుచుకున్నాయి. నూటికి 31 ఓట్లు తెచ్చుకున్న కమ్యూనిస్టులకు దక్కినవి 15 సీట్లే. ఓట్ల లెక్క వేరు, సీట్ల లెక్క వేరని తెలుగువారికి తెలిసివచ్చింది. ఇంత స్పష్టమైన మెజారిటీ వచ్చిన రోజున ముఖ్యమంత్రి పీఠం బెజవాడ గోపాలరెడ్డిగారిది. మెజారిటీ లేనప్పుడు బరువు మోసిన వృద్ధుడు పక్కకు తప్పుకున్నారు.

పదవి లేదు, ఆస్తి లేదు. అయినా తిరగడం మానలేదు. ఒంగోలు దగ్గర ఒక హరిజనవాడకు వెళ్ళినప్పుడు వడదెబ్బ తగిలింది. 1957 మే 20న హైదరాబాదులో కన్నుమూశారు. లక్షలు ఆర్జించిన బారిస్టరు పోయేనాటికి మిగుల్చుకున్నది ఏమీ లేదు. 1970లో ఏర్పడిన ఒంగోలు జిల్లాకు 1972లో ఆయన పేరు పెట్టారు.

సభలో సంఖ్య ముఖ్యమే, కాదనలేం. ఆ 69 లేకపోతే ప్రజాస్వామ్యమే లేదు. కాని 1954లో 68 మంది వైపు నిలబడి ఓడిన మనిషి పేరు నేటికీ ఊరూరా విగ్రహం కింద కనిపిస్తుంది. గెలిచిన ఆ 69 మందిలో పది పేర్లు చెప్పమంటే మనం తడుముకుంటాం. మిత్రులారా, ఈసారి ఎలక్షన్ రోజున హాస్టల్లో పడుకోకండి. వచ్చి ఓటేయండి. ఎవరికన్నది మీ ఇష్టం. లెక్క పూర్తయ్యాక ఓడినవారితో కలిసి క్యాంటీనులో ఒక కప్పు టీ తాగడం మాత్రం మరువకండి.