మాధవపెద్ది గోఖలే గారు

పాఠశాల వార్షికోత్సవములలో కృష్ణుని వేషము ధరించు బాలునకు అట్టకిరీటము పెట్టి, దానిపై తళుకు కాగితము అంటించి, అంతటితో తృప్తి నొందుట మన వాడుక. దూరమున కూర్చున్న సభికులకు అది చాలును. సినిమా కెమెరా అట్టిది కాదు; ముఖమునకు జానెడు దూరమునకు వచ్చి, జిగురు మరకను సైతము చూచును. అట్టి కంటికి నిలువగల వేషములను కాగితముపై చిత్రించి యిచ్చిన తెలుగువారిలో మాధవపెద్ది గోఖలే గారు ముఖ్యులు.

వీరు 1917వ సంవత్సరమున గుంటూరు మండలములో, తెనాలికి చేరువనున్న బ్రాహ్మణకోడూరు గ్రామమున జన్మించిరి. మద్రాసు చిత్రకళా పాఠశాలలో దేవీప్రసాద్ రాయ్ చౌదరి గారి శిష్యులైరి. 1939లో గూడవల్లి రామబ్రహ్మము గారు తీసిన రైతుబిడ్డకు కళాశాఖలో పనిచేసిరి. పిమ్మట సామ్యవాద భావములు గలవారై ప్రజాశక్తి పత్రికలో చేరిరి. పల్లెలలోని నిరుపేదలను గూర్చి కథలు వ్రాసిరి. ఈ కథలను సినిమా పనికి వేరైన సంగతిగా కొందరు భావింతురు గాని, మాకట్లు తోచదు. మనుష్యుడు ఏమి కట్టుకొనును, ఎట్లు కట్టుకొనునని గమనింపని వాడు కథయు వ్రాయలేడు, వేషమును చిత్రింపలేడు.

మన కడప మండలములోని పొట్టిపాడునకు చెందిన బి. నాగిరెడ్డి గారును, తెనాలివారగు చక్రపాణి గారును కలసి నడపిన విజయా సంస్థలో గోఖలే గారు కళాదర్శకులైరి. 1950లో షావుకారు వచ్చెను. అది పల్లెటూరి వడ్డీ వ్యాపారి కథ. రత్నకిరీటము కంటె నలిగిన పంచె చూపుట కష్టమని మా అభిప్రాయము. కొత్తబట్టను తెచ్చి పదేండ్లు కట్టినట్లు కనబరుపవలెను గదా! మరుసటి యేడు తాడిపత్రివారైన కె. వి. రెడ్డి గారి దర్శకత్వమున పాతాళభైరవి వెలువడెను.

ఆ చిత్రములు నలుపు తెలుపులలో తీసినవి. అందు ఎరుపు బట్టయు ఆకుపచ్చ బట్టయు ఒకే బూడిదవర్ణముగా కలసిపోవచ్చును. కావున రాజును బంటునుండి, నాయికను చెలికత్తెనుండి వేరుపరుచుటకు రంగు తోడురాదు. అంచు వెడల్పు, నేత మెరపు, నగల వరుస, తలపాగ చుట్టు తీరు—వీనితోనే పని నెరవేర్చవలెను. ఎస్. వి. రంగారావు గారు పాతాళభైరవిలో నేపాళ మాంత్రికుడు. 1957 నాటి మాయాబజారులో ఘటోత్కచుడు. నటు డొక్కడే, మొదటి వానిని చూచి పిల్లలు జడిసిరి, రెండవ వానిని చూచి మురిసిరి. నటన ప్రధానమే, కాని వేషమునకును అందులో పాలు గలదు.

మాయాబజారు పాత్రలకు గోఖలే గారు ముందుగా చిత్రములు గీయగా, వారి సహచరులు కళాధర్ గారు వానికి రూపము కల్పించిరి. ఎన్. టి. రామారావు గారి కృష్ణవేషము అంతకు పూర్వము వేరొక చిత్రములో జనులకు రుచింపకపోయెను. ఆయనయు మరల ఆ వేషము ధరించుటకు సంకోచించిరి. ఈ పర్యాయము కిరీటము మొదలుగా సమస్తమును ప్రత్యేకముగా రూపొందించిరి. అది మొదలు ఆంధ్రదేశమున అనేకులకు కృష్ణుడనగా ఆ రూపమే. సామ్యవాదియైన చిత్రకారుని కలమునుండి వెలువడిన దేవుడు ఇంటింట గోడలపై పటములలో వెలసెను! సావిత్రి గారి మాయా శశిరేఖకు మాత్రము వేషము తోడ్పడరాదు. అసలు శశిరేఖకు భేదము కనబడినచో కథ చెడును. అచ్చట దుస్తులు మౌనముగా నుండుటయే నేర్పు.

ఆ పిదప 1961లో జగదేకవీరుని కథ, 1962లో గుండమ్మ కథ మొదలైన వానికిని పనిచేసి, గోఖలే గారు 1981లో కాలధర్మము నొందిరి. 2010లో మాయాబజారునకు యంత్రసహాయమున రంగులద్ది మరల ప్రదర్శించిరి. పట్టుబట్టలకు కొత్త రంగులు వచ్చినవి. అంచుల వెడల్పును కిరీటపు వంపును మాత్రము 1957 నాటివే.