రెవరెండు స్టీఫెన్ హిస్లాపుగారు – మాలేరి దంతములు

మదనపల్లె చుట్టునున్న కొండలను, పుంగనూరు, కుప్పము ప్రాంతములలోని పెద్ద బండలను మన విద్యార్థులందఱు నెఱుగుదురు. ఆ రాళ్లను పగులగొట్టి యెంత వెదకినను వానిలో చేప ముల్లుగాని, నత్తగుల్లగాని దొరకదు. ఏలయన, భూగర్భమునందలి మిక్కుటమైన వేడిమిచే నేర్పడిన యీ శిలలు సుమారు 250 కోట్ల సంవత్సరముల నాటివి. ఎముకలుగల ప్రాణి యేదియు నప్పటికి భూమిమీద పుట్టియుండలేదు. అయితే తెలుగుదేశమున శిలాజములు లేవని తలంపరాదు. ఉత్తరమున, గోదావరికి ఉపనదియైన ప్రాణహిత పరిసరములందు, పూర్వపు ఆదిలాబాదు జిల్లాలో మాలేరి యను చిన్న గ్రామము కలదు. అచ్చటి యెఱ్ఱని బంకమన్నులో చేపల దంతములును, సరీసృపముల యెముకలును రాళ్లుగా మాఱి పడియున్నవి. ఆ దంతములను పండితలోకమునకు తెలియజేసినవారు ఒక మిషనరీ ఉపాధ్యాయులు. వారి చరిత్రమును మన బాలబాలికలు తెలిసికొనుట యుక్తము.

స్టీఫెన్ హిస్లాపుగారు స్కాట్లండు దేశమున డన్స్ అను పట్టణమందు 1817వ సంవత్సరము సెప్టెంబరు 8వ తేదీని జన్మించిరి. ఎడింబరో, గ్లాస్గో నగరములలో విద్య నభ్యసించి, స్కాట్లండు ఫ్రీ చర్చివారి పక్షమున 1844వ సంవత్సరాంతమున హిందూదేశమునకు బయలుదేరి వచ్చిరి. మఱుసటి సంవత్సరము నాగపురము చేరిరి. ఆ కాలమున నాగపురము భోంస్లే రాజుల పాలనలో నుండెను. హిస్లాపుగారు మహారాష్ట్ర భాషను శ్రద్ధతో నేర్చి, 1846లో నచ్చట నొక పాఠశాలను స్థాపించిరి. ఉదయమున తరగతులు, సాయంకాలమున బోధ, నడుమనడుమ గ్రామసంచారము. ఇట్లు వారి దినములు గడచుచుండెను. కొంతకాలమునకు రాబర్టు హంటరుగా రను మఱియొక మిషనరీ వచ్చి వారికి తోడయ్యెను.

నాగపురమునకు రైలుబండి యింకను రాని దినములవి. గుఱ్ఱముమీదను, ఎడ్లబండిమీదను, కాలినడకను ఊరూరు తిరుగవలసియుండెను. హిస్లాపుగారు దారిలో కనబడిన రాతిని ఊరక దాటిపోయెడివారు కారు. దక్కను పీఠభూమిలో అగ్నిపర్వతముల ద్రవము గడ్డకట్టి యేర్పడిన నల్లరాతి పొరల నడుమ, మంచినీటి నత్తగుల్లలు శిలలై యుండుటను వారును హంటరుగారును గమనించిరి. ఒకసారి ద్రవము ప్రవహించి చల్లారిన పిమ్మట, మరల ప్రవహించులోపల, అచ్చట చెఱువు లుండెననియు, వానిలో ప్రాణులు జీవించెననియు దీనివలన తేలినది. వారిరువురు కలసి నాగపుర పరిసరముల భూగర్భమునుగూర్చి వ్రాసిన వ్యాసము 1855లో లండను భూగర్భశాస్త్ర సంఘమువారి పత్రికయందు ప్రచురింపబడెను. పిదప హంటరుగారు స్వదేశమునకు మరలిపోయినను హిస్లాపుగా రా పనిని విడువలేదు. వార్ధానది, వైనగంగ కలసి ప్రాణహితయై దక్షిణమునకు పాఱు ప్రదేశమంతయు వారి పరిశోధనకు క్షేత్రమయ్యెను.

మాలేరి యెఱ్ఱమన్నునుండి లభించిన దంతములు చూచుటకు విచిత్రముగా నుండెను. అవి మొనదేలిన కోఱలు కావు. బల్లపరుపుగా నుండి, విసనకఱ్ఱ మడతలవలె గట్లు తీరినవి. కలకత్తాయందు ప్రభుత్వ భూగర్భ పరిశోధనశాఖకు అధిపతిగా నుండిన తామసు ఓల్డుహాముగారు వానిని పరీక్షించి, సెరటోడస్ అను ప్రాణికి చెందినవని 1859లో ప్రకటించిరి. ఒక జాతికి హిస్లాపుగారి పేరును, మఱియొక జాతికి హంటరుగారి పేరును పెట్టిరి. ఇట్టి దంతములే యూరపుఖండమున ట్రయాసిక్ యుగపు శిలలలో నంతకుముందే దొరికియుండెను. కావున మాలేరి మన్ను ఏ యుగమునాటిదో నిర్ణయించుటకు వీలు కలిగినది. అది 20 కోట్ల సంవత్సరములకు పైబడిన కాలము.

సెరటోడస్ అనగా కొమ్ముపన్ను. ఈ నామమును మొదట పెట్టినవారు స్విట్జర్లండు దేశీయులగు లూయీ అగాసిజ్ పండితులు. 1833 మొదలు 1843 వఱకు వెలువడిన మహాగ్రంథమున వారు ప్రపంచమునందలి శిలాజ మత్స్యములను వర్గీకరించిరి. ఆ వర్గీకరణమున సెరటోడస్ సొరచేపల కుటుంబములో చేరినది. ఇందుకు కారణము లేకపోలేదు. సొరచేప యస్థిపంజరము గట్టి యెముక కాక మెత్తని తరుణాస్థి యగుటచే, చచ్చినపిమ్మట అది సాధారణముగా క్రుళ్లిపోవును. దంతములు మాత్రము నిలుచును. కావున పూర్వకాలపు సొరచేపలకు పండితులు పెట్టిన పేళ్లలో పెక్కు దంతములను మాత్రమే చూచి పెట్టినవి. ఆస్ట్రేలియా సముద్రములలో నేటికిని తిరుగు పోర్టుజాక్సను సొరచేపకు గుల్లలను నలుగగొట్టుటకు తగిన బల్లపరుపు పండ్లు కలవు. సెరటోడస్ దంతమును దానితో పోల్చి, యిదియు సొరచేపయే యని తలంచిరి.

ఈ సందేహము తీఱుటకు పూర్వమే హిస్లాపుగారి జీవితము ముగిసెను. 1863వ సంవత్సరమున మధ్యపరగణాల పరిపాలనాధికారి యగు రిచర్డు టెంపులుగారితో కలసి, నాగపురమునకు దక్షిణమున తాకళ్‌ఘాట్ వద్దనున్న ప్రాచీన శిలావలయములను చూచుటకు వారు వెళ్లిరి. వానకాలపు దినములు, వాగులు నిండి పాఱుచుండెను. సెప్టెంబరు 4వ తేదీని గుఱ్ఱమెక్కి పొంగిన యొక వాగును దాటబోయి హిస్లాపుగారు నీటిపాలైరి. వారికి 46 ఏండ్లు నిండుటకు నాలుగు దినములే మిగిలియుండెను. వారు కన్నుమూసిన నాటికి మాలేరి దంతములు పండితుల గ్రంథములలో సొరచేపల వరుసయందే యుండెను.

ఏడు సంవత్సరములు గడచెను. 1870లో ఆస్ట్రేలియాయందలి సిడ్నీ నగర ప్రదర్శనశాలాధికారి జెరార్డు క్రెఫ్టుగారు క్వీన్సులండునుండి వచ్చిన యొక పెద్ద మంచినీటి చేపను పరీక్షించిరి. అచ్చటివారు దానిని సామాన్యమైన చేపగా తినుచుండిరి. క్రెఫ్టుగారు దాని నోరు తెఱచి చూడగా, లోపల నున్నవి సెరటోడస్ దంతములే! రాతిలో మాత్రమే చూచిన పన్ను ప్రాణమున్న చేప నోట కనబడెను. ఆ చేపకు మొప్పలతోపాటు గాలిని పీల్చుటకు ఊపిరితిత్తి కూడ కలదు. దాని శరీరమున నిజమైన యెముకలు కలవు. సొరచేప జీవితమంతయు పండ్లను రాల్చుచు క్రొత్తవానిని మొలిపించుకొనుచుండును. దీని దంతఫలకములు రాలక, ప్రాణితోపాటు పెరుగుచుండును. కావున సెరటోడస్ సొరచేప కాదు, ఊపిరితిత్తుల చేపలలోనిదని నిశ్చయమైనది. హిస్లాపుగారి పేరు ధరించిన మాలేరి ప్రాణియు ఆ కుటుంబమునకే మాఱెను.

ఇంతటితో కథ ముగియలేదు. కలకత్తాయందలి ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూటు పండితులు మాలేరి మన్నును మరల పరీక్షింపగా, మిక్కిలి చిన్నవగు వేఱువిధపు దంతములు కనబడెను. వానికి పుంగనూరు ఆవు కొమ్ములవలె ఇరుప్రక్కలకు రెండు మొనలును, నడుమ నొక చిన్న మొనయు కలవు. ఎస్. ఎల్. జైనుగారు 1980లో వానిని జెనకాంథస్ వర్గమునకు చెందిన మంచినీటి సొరచేప దంతములుగా వర్ణించిరి. సముద్రమున గాక నదులలో తిరిగిన యీ సొరచేపల వంశము ట్రయాసిక్ యుగాంతముతో నశించినది. సొరచేపయని తలచినది సొరచేప కాకపోయెను; నిజమైన సొరచేప ఆ మన్నులోనే కంటికి కనబడనంత చిన్నదిగా దాగియుండెను.

హిస్లాపుగారు గోండు మొదలగు ఆదిమజాతులనుగూర్చి వ్రాసియుంచిన పత్రములను టెంపులుగారు 1866లో ప్రకటించిరి. నాగపురమున 1883లో వెలసిన కళాశాలకు వారి పేరే పెట్టబడెను. అయినను వారి యసలైన కీర్తి యింతకంటె నిరాడంబరమైనది. తమకు దొరికిన దంతము ఏ ప్రాణిదో వారు తుదినిర్ణయము చేయజాలకపోయిరి. ఆనాటి విద్య కది యందనిది. కాని యది ఏ యూరిలో, ఎట్టి మన్నులో దొరికినదో స్పష్టముగా వ్రాసిపెట్టిరి. అందుచేతనే తరువాతి తరములవా రా చోటికే పోయి మరల వెదకి, పూర్వుల తలంపును సరిదిద్దగలిగిరి. ఊరు పేరు లేక పెట్టెలో వేసిన రాయి వట్టిరాయియే; ఊరు పేరుతో దాచిన రాయి నూఱేండ్లకైనను సాక్ష్యము చెప్పును. మన పాఠశాల బల్లమీదికి రాతినో, విత్తనమునో, గుల్లనో తెచ్చు బాలబాలికలు దానిప్రక్క దొరికిన చోటును, తేదీని వ్రాయుట మఱువకుందురుగాక.