సంస్థానం పోయింది.. బంతి ఆగలేదు: రహీం సాబ్ కథ

ఇస్నాపూర్ చౌరస్తాలో పొద్దున్నే కంపెనీ బస్సు కోసమో, ఇంటర్వ్యూకని పటాన్‌చెరు వైపు వెళ్లే షేర్ ఆటో కోసమో మీరు ఎప్పుడో ఒకసారి నిలబడే ఉంటారు. ముందు లారీలు, వెనక ఫైలు పట్టుకున్న ఇంకో పది మంది. ఆ రోడ్డుకో చరిత్ర ఉంది. 1948 సెప్టెంబరు 13న షోలాపూర్ వైపు నుంచి బయల్దేరిన భారత సైన్యం నల్‌దుర్గ్, హుమ్నాబాద్, జహీరాబాద్ దాటుకుంటూ హైదరాబాద్‌కు వచ్చింది ఈ దారినే. 17న నిజాం చేతులెత్తేశాడు. 18న మేజర్ జనరల్ చౌధురి నగరంలోకి వచ్చాడు. అంటే మీరు బస్సు కోసం చూసే ఈ రోడ్డు మీదుగానే ఒక ప్రభుత్వం పోయి ఇంకో ప్రభుత్వం వచ్చింది.

ఆ రోజుకి నగరంలో 39 ఏళ్ల ఒక స్కూల్ టీచర్ ఉన్నారు. పేరు సయ్యద్ అబ్దుల్ రహీం. అవును, 2024లో వచ్చిన 'మైదాన్' సినిమాలో అజయ్ దేవగణ్ వేసింది ఆయన పాత్రే. సినిమా కథ 1952లో మొదలై 1962లో ముగుస్తుంది. నాకైతే అంతకు ముందు సంగతే ఎక్కువ ముఖ్యం అనిపిస్తుంది. ఉద్యోగం వెతుక్కుంటున్న మీకు కూడా అదే పనికొస్తుంది.

రహీం 1909 ఆగస్టు 17న పుట్టారు. ఉస్మానియాలో చదువుతూ యూనివర్సిటీ జట్టుకు ఆడారు. తర్వాత కమర్ క్లబ్. స్థానిక లీగ్‌లో మంచి పేరున్న జట్టు అది. అయితే ఆట కూడు పెట్టే రోజులు కావు. బీఏ పూర్తి చేసి టీచరయ్యారు. కాచిగూడ మిడిల్ స్కూల్, ఉర్దూ షరీఫ్, దారుల్ ఉలూమ్, చాదర్‌ఘాట్ హైస్కూల్. మధ్యలో ఫిజికల్ ఎడ్యుకేషన్ డిప్లొమా చేశారు. దాంతో చివరి రెండు స్కూళ్లలో ఆటల బాధ్యత ఆయన చేతికొచ్చింది. 1940ల మొదట్లో హైదరాబాద్ ఫుట్‌బాల్ అసోసియేషన్ కార్యదర్శి అయ్యారు. ఉద్యోగం వదిలేసి కల వెంట పరిగెత్తాడు అనే టైపు కథలు మీరు చాలా విని ఉంటారు, ఇది ఆ బాపతు కాదు. జీతం వచ్చే కుర్చీలో కూర్చునే పక్కనున్న కుర్చీకి జరిగారాయన.

ఆ కార్యదర్శి పదవిలో ఉండగానే చుట్టూ దేశం తగలబడింది. మన పుస్తకాల్లో ఒక్కోదానికి ఒక్కో పేరుంటుంది: సాయుధ పోరాటం, రజాకార్ల దాడులు, పోలీసు యాక్షన్. పోటీ పరీక్షల కోసం విడివిడిగా బట్టీ పడతాం కూడా. అన్నీ కలిపి చూడండి, 1946 నుంచి 1951 దాకా ఒకే గడ్డ మీద మనుషులు ఒకరినొకరు చంపుకున్న కాలం అది. అంతర్యుద్ధం అనే మాట వాడం గానీ, ఇంకేమనాలి? పోలీసు యాక్షన్ సమయంలో, ఆ తర్వాత జరిగిన చావుల మీద నెహ్రూ పంపిన సుందర్‌లాల్ కమిటీ తక్కువలో తక్కువ 27 వేల నుంచి 40 వేల మంది అని లెక్క వేసింది. ఆ నివేదిక దశాబ్దాల పాటు బయటికి రాలేదు.

ఇక చదువుకున్నవాళ్ల సంగతి. ఉస్మానియా అప్పటిదాకా ఉర్దూ మీడియం యూనివర్సిటీ. 1948 తర్వాత అక్కడ ఇంగ్లిష్ వచ్చేసింది. ఆఫీసుల్లోనూ ఉర్దూ స్థానం జారిపోయింది. మీరు నాలుగేళ్లు కష్టపడి నేర్చుకున్న ప్రోగ్రామింగ్ లాంగ్వేజ్ ఇక ఏ కంపెనీకీ అక్కర్లేదని ఒక పొద్దున చెబితే ఎలా ఉంటుంది? దాదాపు అలాంటిదే, కాకపోతే అక్కడ పోయింది సొంత భాష. ఉర్దూ స్కూళ్లలో పాఠాలు చెప్పిన మనిషికి అది చిన్న దెబ్బ కాదు. బంతికి మాత్రం మీడియం లేదు. ఆ డిప్లొమా లాంటి పని ఏ ప్రభుత్వంలోనైనా చెల్లుతుంది. ఆయన ఇదంతా ముందే లెక్కేసుకుని చేశారని నేను అనను. ఎవరూ అలా లెక్కేయలేరు.

1950లో ఆయన హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు కోచ్ అయ్యారు. ఒక్కసారి ఆగి ఆలోచించండి. రెండేళ్ల కిందటి దాకా ఆ పోలీసులు ఓడిపోయిన సంస్థానం పోలీసులు. ఆ జట్టే 1950లో బొంబాయి వెళ్లి రోవర్స్ కప్ కొట్టింది. 1954 దాకా వరసగా ఐదు సార్లు! అదే 1950లో డ్యురాండ్ కప్ ఫైనల్లో మోహన్ బగాన్‌ని ఓడించింది. 1951 మార్చిలో ఢిల్లీలో మొదటి ఆసియా క్రీడలు జరిగితే భారత జట్టు కోచ్ రహీమే. ఫైనల్లో ఇరాన్ మీద 1-0, మేవాలాల్ గోల్, బంగారు పతకం. అప్పటికి తెలంగాణ పల్లెల్లో సాయుధ పోరాటం ఇంకా ఆగలేదు. దాన్ని విరమించింది ఆ ఏడాది అక్టోబరులో.

పోలీసు జట్టు అంత బలంగా ఎలా తయారైందో తెలియాలంటే ఆయన పెట్టిన పోటీలు చూడాలి. కుడికాలి ఆటగాడు ఎడమ కాలితోనే ఆడాలి, ఎడమకాలివాడు కుడితోనే. అలా బలహీనమైన కాలి టోర్నమెంట్లు. డ్రిబ్లింగ్ చేయకూడదని రూల్ పెట్టి ఇంకో రకం టోర్నమెంట్లు. బంతి అందగానే వదిలేయాలి, హీరోయిజం కుదరదు. వీటికి ఖరీదైన సామాను ఏం కావాలి? ఒక గ్రౌండు, ఒక బంతి, ఒక రూలు. మాక్ ఇంటర్వ్యూల్లో మనకు బాగా వచ్చిన ప్రశ్నకే మళ్లీ మళ్లీ జవాబు చెప్పుకుని మురిసిపోతుంటాం (నేనూ అంతే). రహీం దగ్గర ఆ ఆట సాగేది కాదు.

అన్నీ విజయాలే కావు. 1952 హెల్సింకీ ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 1-10. చలి దేశంలో మనవాళ్లలో చాలామంది ఉత్త కాళ్లతో దిగారు. ఆ తర్వాతే బూట్లు తప్పనిసరి చేశారు. హంగరీ జట్టు అప్పట్లో చూపించిన పద్ధతిని, అంటే ముందుండాల్సిన సెంటర్ ఫార్వర్డ్ వెనక్కి దిగి ఆడటాన్ని రహీం పట్టుకుని మనవాళ్లకు నేర్పారు.

1956 నవంబరు 1న హైదరాబాద్ రాష్ట్రం మళ్లీ మాయమైంది. ఈసారి తుపాకులు లేకుండా. మూడు ముక్కలై, తెలంగాణ ఆంధ్రప్రదేశ్‌లో కలిసింది. సరిగ్గా నెల తిరిగేసరికి డిసెంబరు 1న మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో ఇండియా 4-2తో ఆస్ట్రేలియాను ఓడించింది. నెవిల్ డిసౌజా హ్యాట్రిక్. ఒలింపిక్స్ ఫుట్‌బాల్ సెమీస్‌కి చేరిన మొదటి ఆసియా జట్టు మనదే. జట్టులో నూర్ మహ్మద్, అజీజుద్దీన్, జుల్ఫికరుద్దీన్, సికింద్రాబాద్ కుర్రాడు తులసీదాస్ బలరాం లాంటి మనవాళ్లు ఉన్నారు. నిజం చెప్పాలంటే ఆ టోర్నీలో జట్లే తక్కువ, మనం గెలిచింది ఆ ఒక్క మ్యాచే. సెమీస్‌లో ముందు గోల్ కొట్టి కూడా యుగోస్లావియాకు 1-4తో ఓడిపోయాం. కంచు కోసం బల్గేరియాతో ఆడి 0-3. నాలుగో స్థానం. అయినా అంతకు మించి మనం మళ్లీ ఎప్పుడూ పోలేదు.

1962 జకార్తా ఆసియా క్రీడల నాటికి ఆయనకు క్యాన్సర్. ఇజ్రాయెల్, తైవాన్ జట్లను రానివ్వలేదని భారత ప్రతినిధి సోంధీ అభ్యంతరం చెప్పడంతో అక్కడి జనం మన మీద మండిపడుతున్నారు. మన జట్టు కనిపిస్తే చాలు గోల. మొదటి మ్యాచ్‌లోనే దక్షిణ కొరియాతో 0-2 ఓటమి. డిఫెండర్ జర్నైల్ సింగ్ తలకు దెబ్బ, కుట్లు. ఎవరైనా ఏం చేస్తారు? రెస్ట్ ఇస్తారు. రహీం ఆయన్ని తీసుకెళ్లి ముందు వరసలో, ఫార్వర్డ్‌గా పెట్టారు! సెమీస్‌లో దక్షిణ వియత్నాం మీద 3-2. ఫైనల్ ముందు ఆటగాళ్లను కూర్చోబెట్టి, తనకు ఒక్క కానుక కావాలని, అది బంగారమేనని అడిగారట.

సెప్టెంబరు 4న లక్ష మంది జనం, అదే దక్షిణ కొరియా. పీకే బెనర్జీ ఒక గోల్, మూడు నిమిషాలకే కుట్ల తలతో ఉన్న జర్నైల్ ఇంకోటి. 2-1. ఆ స్టేడియంలో మనవైపు అరిచిన కొద్దిమందిలో పాకిస్తాన్ హాకీ ఆటగాళ్లున్నారని మన జట్టువాళ్లు తర్వాత చెప్పుకున్నారు. 1948 చూసిన హైదరాబాదీకి ఆ సంగతి ఎలా అనిపించి ఉంటుందో మీరే ఊహించుకోండి.

1963 జూన్ 11న రహీం చనిపోయారు. 53 ఏళ్లు. కోచ్‌లకిచ్చే ద్రోణాచార్య అవార్డు మొదలైంది ఆ తర్వాత 22 ఏళ్లకు, 1985లో. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో బంగారం మనకు ఇప్పటిదాకా మళ్లీ రాలేదు.