జముకుల కథ కట్టిన పూజారి

ఉద్దానం అనగానే పైజిల్లాల వాళ్ళకి జీడిపప్పు, కొబ్బరి గుర్తొస్తాయి. ఈమధ్య కాలంలో అయితే మూత్రపిండాల జబ్బూ, 2018 అక్టోబరులో వచ్చిన తిత్లీ తుపానూ గుర్తొస్తున్నాయి. వీటికి యాభై ఏళ్ళ ముందు ఈ నేల పేరు పాటతో కూడా బయటికి పోయింది. ఆ పాట కట్టినవాడు సుబ్బారావు పాణిగ్రాహి. ఆయన ఎలా చనిపోయాడో మన విద్యార్థుల్లో చాలామందికి తెలుసు. పాట ఎలా కట్టాడో తెలిసినవాళ్ళు తక్కువ. ఈ నాలుగు మాటలూ ఆ రెండోదాని కోసం.

పాణిగ్రాహి అన్న ఇంటిపేరులోనే ఒడియా ఉంది. 1936లో ఒరిస్సా రాష్ట్రం వేరుపడినప్పుడు పాత గంజాం జిల్లా రెండు ముక్కలైంది. ఇచ్ఛాపురం, సోంపేట, మందస, టెక్కలి ప్రాంతాలు ఇటువైపు ఉండిపోయాయి. 1950లో శ్రీకాకుళం జిల్లా ఏర్పడ్డాక అందులో చేరాయి. రాష్ట్రాలకి గీత గీయొచ్చు గానీ సంతలో మాటకి గీత గీయలేరు కదా. మావైపు రెండు భాషలూ ఒకే అరుగు మీద కూర్చుంటాయి. ఒడియా కుటుంబంలో పుట్టిన పాణిగ్రాహి పలాస దగ్గరి బొడ్డపాడులో గుడి పూజారిగా ఉన్నాడు. పాటలు మాత్రం తెలుగులో రాశాడు. అదీ పుస్తకాల తెలుగు కాదు, పొలం గట్టు మీద వినబడే తెలుగు.

ఈ ప్రాంతానికి పోరాటం కొత్త కాదు. 1940లో అఖిల భారత కిసాన్ సభ మహాసభ పలాసలోనే జరిగింది. అదే ఏడాది ఏప్రిల్ 1న మందస జమీందారీ మీద రైతులు చేసిన పోరాటంలో గుడారి రాజమణిపురం గున్నమ్మ పోలీసు కాల్పుల్లో ప్రాణం విడిచింది. ఆ కథలు వింటూ పెరిగిన తరం మధ్యకి ఈ పూజారి వచ్చాడు. పొద్దున్న గంట కొట్టి హారతిచ్చిన మనిషి, సాయంత్రం కుర్రాళ్ళని చేరదీసి పాటలు నేర్పాడు. కమ్యూనిస్టు పార్టీతో కలిసి నడిచాడు.

ఇక్కడ ఒక సంగతి గమనించాలి. అప్పటికి ఆంధ్ర దేశంలో ప్రజల పాట అంటే బుర్రకథే. 1940లలో ప్రజా నాట్యమండలి దాన్ని ఊరూరా తిప్పింది. గుంటూరు వైపు నుంచి వచ్చిన షేక్ నాజర్ దాన్ని ఎక్కడికో తీసుకుపోయాడు. పాణిగ్రాహి కూడా తంబురా, గుమ్మెటలు పట్టుకుని అదే బాటన పోయుంటే ఎవరూ తప్పుపట్టేవారు కాదు. ఆయన ఎంచుకున్నది జముకుల కథ. అది మన శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ జిల్లాల సొంత కళ. అమ్మవారి పండగల్లో ఎల్లమ్మ కథ చెప్పుకుంటూ, ఇంటింటికీ తిరిగి గింజలు అడుక్కునేవాళ్ళ చేతిలో బతికిన కళ. పెద్ద కులాలవాళ్ళు దాన్ని గుమ్మంలో నిలబెట్టి విన్నారే గాని అరుగెక్కించలేదు. ఒక గుడి పూజారి దాన్ని తన పాటకి వాహనం చేసుకోవడం ఆ రోజుల్లో చిన్న విషయం కాదు.

జముకు చూడనివాళ్ళ కోసం చెప్తాను. ధాన్యం కొలిచే కుంచం లాంటి డొల్ల. ఒక పక్క తోలు మూత, రెండో పక్క ఖాళీ. తోలు నడుమ నుంచి ఒక నరం లోపలికి వచ్చి, చివర చిన్న కర్రముక్కకి కట్టి ఉంటుంది. వాయిద్యాన్ని చంకలో ఇరికించుకుని, ఒక చేత్తో ఆ కర్రని లాగి పట్టుకుని, రెండో చేత్తో నరాన్ని మీటుతారు. మన లేబులో సోనోమీటరు మీద చేసే ప్రయోగం ఇదే. తీగ బిగువు నాలుగింతలు చేస్తే కంపనాల సంఖ్య రెండింతలవుతుంది. మనం బరువులు ఒక్కొక్కటీ వేసుకుంటూ చేసే పని జముకు వాయించేవాడు మీటు మీటుకీ ఎడమచేత్తో చేసేస్తాడు. అందుకే ఆ శబ్దం డోలులా ఒక్కచోట నిలబడదు, లేస్తుంది, జారుతుంది, మనిషి గొంతులాగా ఏదో అడుగుతున్నట్టే ఉంటుంది. దరువూ అదే, స్వరమూ అదే. రెండు వాయిద్యాల పని ఒక్కటే చేస్తుంది. మోసుకుపోవడానికి బరువు లేదు, కరెంటు అక్కర్లేదు. ఊరూరా నడిచి తిరిగే దళానికి ఇంతకంటే ఏం కావాలి?

పాణిగ్రాహి ఆ చట్రాన్ని చెడగొట్టలేదు. ముందు కథకుడు, పక్కన వంత పాడేవాళ్ళు, మధ్యలో మాటలు, ఇవన్నీ అలాగే ఉంచాడు. అమ్మవారి చోట కూలివాణ్ణీ, గిరిజనుణ్ణీ నిలబెట్టాడు. జనానికి బాణీ ముందే తెలుసు కాబట్టి చెవి దానికోసం వెతుక్కోదు, నేరుగా మాట మీదకి పోతుంది. ఆయన పల్లవులు చిన్నవి, రెండుసార్లు వింటే మూడోసారి మనమే అందుకుంటాం. ఎరుపు రంగు మీద ఆయన కట్టిన పాట ఇన్నేళ్ళ తర్వాత కూడా సభల్లో వినబడుతోందంటే, ఆ పార్టీ అంటే గిట్టనివాళ్ళకి కూడా నోటికి వస్తుందంటే, అది సిద్ధాంతం బలం ఒక్కటే అని నేననుకోను. నడక బలం.

తర్వాత సంగతులు త్వరత్వరగా జరిగాయి. 1967 అక్టోబరు 31న లేవిడి దగ్గర, మొండెంఖల్లు సభకి వెళ్తున్న గిరిజనుల మీద భూస్వాముల మనుషులు కాల్పులు జరిపారు. కోరన్న, మంగన్న చనిపోయారు. 1968లో కోర్టు ముద్దాయిలను వదిలేసింది. అదే ఏడాది చివరికి ఉద్యమం ఆయుధం పట్టింది. అది ఏజెన్సీ కొండల నుంచి ఉద్దానం దాకా వచ్చింది. 1969 మే 27న బొడ్డపాడుకి చెందిన పంచాది కృష్ణమూర్తితో పాటు మరో ఆరుగురు పోలీసుల చేతిలో చనిపోయారు. పాణిగ్రాహి కూడా అజ్ఞాతంలోకి వెళ్ళాడు. 1969 డిసెంబరు 22న రంగమెటియా కొండల్లో ఆయనా, కృష్ణమూర్తి భార్య నిర్మలా, మరికొందరూ హతులయ్యారు. ఎదురుకాల్పులు అని పోలీసులన్నారు. పట్టుకుని కాల్చారని ఉద్యమంవాళ్ళు అన్నారు. అప్పటికి ఆయన వయసు ముప్పై ఐదు ప్రాంతం.

ఆ దారి సరైనదా, కాదా? ఈ వాదన మావైపు ఇళ్ళలో ఇంకా తెగలేదు. రెండు వైపులా మనుషులు పోయారు. పోయినవాళ్ళ ఇళ్ళలో మిగిలినవాళ్ళు ఎలా బతికారో పల్లెల్లో పుట్టినవాళ్ళకి వేరే చెప్పక్కర్లేదు. నా మటుకు నాకు తుపాకీతో ఆ సమస్య తీరేదని అనిపించదు. కాని ఆయన్ని ఆ చివరి కొద్ది నెలలతోనే కొలవడం మాత్రం అన్యాయం. కుంచం ఒకటే అయినా కొలిచే గింజ వేరు.

ఆయన పోయిన రెండు నెలలు తిరక్కుండానే, 1970 ఫిబ్రవరిలో విశాఖపట్నంలో శ్రీశ్రీ షష్టిపూర్తి జరిగింది. మీరు ఎటువైపు అని అక్కడి విద్యార్థులు కరపత్రం వేసి రచయితలను నిలదీశారు. ఆ జూలై 4న హైదరాబాదులో విప్లవ రచయితల సంఘం పుట్టింది, శ్రీశ్రీ అధ్యక్షుడయ్యాడు. 1972లో జన నాట్యమండలి వచ్చింది. పల్లె బాణీ తీసుకుని కొత్త మాట పెట్టడం వాళ్ళందరికీ రాజమార్గమైంది. పార్వతీపురం దగ్గర పెదబొండపల్లిలో పుట్టిన వంగపండు ప్రసాదరావు మన కళింగాంధ్ర యాసని ఊరూరా మోగించి 2020 ఆగస్టులో కన్నుమూశాడు. గద్దర్ 2023 ఆగస్టులో పోయాడు. ఆ వరసకి ముందు నడిచినవాడు ఈ పూజారి.

బొడ్డపాడులో అమరుల స్మారక స్తూపం ఉంది, ఏటా సభలూ జరుగుతాయి. పాణిగ్రాహి మాటలు అచ్చయ్యాయి. అయితే బాణీ అచ్చులో ఇమడదు గదా. ఏ అక్షరం దగ్గర నరం బిగించాలో, ఎక్కడ వదలాలో కాగితం చెప్పదు. ఆయన గొంతు స్వయంగా విన్న కుర్రాళ్ళు ఇప్పుడు డెబ్బై దాటిన ముసలివాళ్ళు. మన దగ్గర ప్రతివాడి జేబులోనూ రికార్డు చేసే ఫోనుంది. పలాస బస్సెక్కితే బొడ్డపాడు ఎంతో దూరం కాదు.